శబ్దం లేని పిలుపు

తన తల్లి పదేళ్ళ పిల్లగా ఉన్నప్పుడు ఎలా ఉండేదో సొలొమోను తన డెబ్బై ఆరో ఏట చూశాడు.

చూపించినవాడు జయంత్. విజయవాడలో ఒక ట్రస్టు, కృష్ణా డెల్టాలో పాతకాలపు జీవితం మీద ఎగ్జిబిషన్ పెడుతోంది. దానికి కావలసిన ఫొటోలు, సినిమా ముక్కలు సేకరించే పని అతనిది. విదేశంలో పాత ఫిల్ములు దాచే ఒకచోటి నుంచి అతనికి చిన్న రీలు ఒకటి దొరికింది. సినిమా హాళ్ళలో అసలు బొమ్మకు ముందు వేసే వార్తల కోసం 1928లో ఎవరో తెల్లవాళ్ళ కంపెనీ తీసింది. సినిమాలకు ఇంకా మాటలు రాని కాలం. పామర్రు దగ్గర వేమవర్రులో తీసినట్టు డబ్బా మీద రాసి ఉంది. జయంత్ ఆ ఊరు వెళ్ళి నలుగురికీ చూపిస్తే, చేనేతవారి వీధిలో వీరభద్రయ్య అనే ఆయన అందులో ఒక యువతిని తన నాయనమ్మ కోటమ్మగా పోల్చుకున్నాడు. ఆమె పక్కనున్న చిన్నపిల్ల ఎవరో మాత్రం ఎవరికీ తెలియలేదు. చివరికి పల్లెలో చర్చి అరుగు మీద కూర్చున్న ఒక ముసలాయన అన్నాడు: "బావి దగ్గర పిల్లా? అయితే రత్తయ్య కూతురు దానమ్మ అయ్యుంటది. ఆళ్ళు అప్పుడే ఊరొదిలి ఎళ్ళిపోయారు. ఆమె కొడుకు ఆర్టీసీ డ్రైవరు. బెజవాడ పటమటలో ఉంటాడని విన్నా."

అలా వాకబు చేసుకుంటూ జయంత్ సొలొమోను ఇంటికి వచ్చాడు. సొలొమోను రిటైరయ్యాక కూతురు స్టెల్లా దగ్గర ఉంటున్నాడు. స్టెల్లా ఆసుపత్రిలో నర్సు. ఆ వేళ ఆమెకు సెలవు. ముగ్గురూ భోజనాల బల్ల దగ్గర కూర్చున్నారు.

"సౌండ్ ఉండదండి" అని ముందే చెప్పి జయంత్ ల్యాప్‌టాప్ తెరిచాడు.

మొదట కాలువ. గట్టు మీద ఇద్దరు మనుషులు భుజాలకు తాడు తగిలించుకుని, ముందుకు వంగి పడవను లాగుతున్నారు. పడవలో ధాన్యం బస్తాలు, వాటి మీద కూర్చుని చుట్ట కాలుస్తున్న ఒక పెద్దమనిషి. తరవాత ఒక వీధి. వీధి పొడుగునా బారుగా కట్టిన నూలు, దానికి గంజి పట్టిస్తున్న మగవాళ్ళు. ఒక ముసలామె కెమెరాను చూసి పైట ముఖానికి అడ్డం పెట్టుకుంది. కాసేపటికి పైట పక్కనుంచి ఒక కన్ను బయటపెట్టి చూసింది. స్టెల్లాకు నవ్వొచ్చింది. ఎక్కడో చీకటి హాల్లో కూర్చుని ఎవరో తమను చూస్తారని ఆ మనుషులకు తెలియదు. ఎండకు కళ్ళు చికిలించుకుని, ఎదురుగా ఉన్న ఆ పెట్టె ఏమిటా అని చూస్తున్నారు, అంతే.

ఆ తరవాత ఇంగ్లీషు అక్షరాలతో ఒక అట్ట వచ్చింది. జయంత్ చదివి చెప్పాడు: "ఊరి బావి దగ్గర ఒక మామూలు రోజు."

రాతి చప్టా, గిలక, బిందెలతో నలుగురైదుగురు ఆడవాళ్ళు. ఎడమవైపు నుంచి ఒక చిన్నపిల్ల వచ్చింది. ఒంటి మీద పాతగుడ్డ, నూనె ఎరగని జుట్టు. చప్టా మెట్టు మీద ఒక కాలు పెట్టి ఆగింది. తరవాత ఎక్కింది. గిలక దగ్గరున్న యువతి చేంతాడు ఆమె చేతికి ఇచ్చింది. ఇద్దరూ కలిసి చేద లాగారు. పిల్ల దోసిలి పట్టింది, యువతి పోసింది, పిల్ల తాగింది. మోచేతుల దాకా నీళ్ళు కారుతుండగా తలెత్తి సూటిగా కెమెరాలోకి చూసి నవ్వింది. ఎడమ మణికట్టుతో మూతి తుడుచుకుంది.

ఆ తుడుచుకోవడం సొలొమోను గుర్తుపట్టాడు. అన్నం తిన్నాక, కాఫీ తాగాక, ప్రార్థనలో కన్నీళ్ళు వచ్చినా కూడా అమ్మ అలాగే తుడుచుకునేది. అమ్మ వయసులో ఉన్నప్పటి ఫొటో ఒక్కటి కూడా ఆ ఇంట్లో లేదు. తెల్లజుట్టుతో, చర్చి డైరెక్టరీ కోసం తీయించినది ఒకటే ఉంది.

"అమ్మే" అన్నాడు.

జయంత్ ముఖం విప్పారింది. "ఎగ్జిబిషన్‌లో ఇదే మెయిన్ అండి. మా ట్రస్టు చైర్మన్ సంజీవరావు గారికి ఇది చూశాక నిద్ర పట్టలేదంట. పోస్టరు కూడా చేయించారు." సంచిలోంచి కాగితం తీసి బల్ల మీద పరిచాడు. ఇద్దరి చేతులూ చేంతాడు మీద ఉన్న బొమ్మ. కింద పెద్ద అక్షరాలు: 'ఒకే బావి, ఒకే నీరు. వందేళ్ళ కిందటి మన ఊరు.'

సొలొమోను ఆ కాగితాన్ని చాలాసేపు చూశాడు.

"ఇది రోజూ జరిగింది కాదు బాబూ" అన్నాడు. "ఆ ఒక్క రోజే జరిగింది. మావాళ్ళని ఆ చప్టా దరిదాపులకి రానిచ్చేవాళ్ళు కాదు. కాలవ కట్టేస్తే తాగడానికి నీళ్ళుండేవి కాదు. కడవలు పెట్టుకుని దూరంగా కూర్చునేవాళ్ళు. ఊళ్ళో వాళ్ళెవరికైనా జాలి కలిగితే వచ్చి పైనుంచి వంచేవాళ్ళు. లేకపోతే చీకటిపడేదాకా అక్కడే."

"మరి ఈవిడ పోస్తున్నారు కదండీ?"

"పోసింది. ఆ తరవాత సంగతి మీ ఫిల్ములో లేదు."

సొలొమోను చెప్పాడు. అతని తాత రత్తయ్య ఒక రైతు దగ్గర పాలేరు. ఫిల్ము తీసిన దొర పెట్టె సర్దుకుని పడవెక్కి వెళ్ళగానే ఊళ్ళో పెద్దలు బావి మైలపడిందన్నారు. నీళ్ళన్నీ తోడిపోయించారు. రత్తయ్యను చావడి స్తంభానికి కట్టి కొట్టారు. పనిలోంచి తీసేశారు. ఆ వారంలోనే తాత, అమ్మమ్మ, దానమ్మ, ఆమె అన్న పాల్ మూటలు నెత్తిన పెట్టుకుని గుడివాడ మీదుగా హనుమాన్ జంక్షన్ వైపు నడిచి వెళ్ళిపోయారు. దెబ్బలు తిన్న తాత మళ్ళీ పూర్తిగా కోలుకోలేదు. రెండో ఏడు చనిపోయాడు.

"అమ్మ తనే ఎక్కిందనేవాళ్ళు" అన్నాడు సొలొమోను. "దాహమేసి, దొర ముందు గొప్పకి పోయి ఎక్కిందని. మా మావయ్య పాల్ చనిపోయేదాకా ఆ మాట వదల్లేదు. 'దీని దాహం మా నాన్నని చంపింది' అనేవాడు. క్రిస్మస్‌కి అందరం కలిసినప్పుడు కూడా. ఆయన కొడుకు నతానియేలు, మా బావ, ఇప్పటికీ నీళ్ళ మాట వస్తే అంటాడు. అమ్మ ఎన్నడూ ఎదురు చెప్పేది కాదు. 'అవును, నేనే ఎక్కా' అనేది."

స్టెల్లా ల్యాప్‌టాప్ తన వైపు తిప్పుకుని, బావి దగ్గర భాగం మళ్ళీ వేసుకుంది. ఇంకోసారి వేసుకుంది.

"నాన్నా, ఇటు చూడు. నాయనమ్మని కాదు, ఆమెని చూడు. గిలక దగ్గరున్నామెని."

సొలొమోను కళ్ళజోడు సవరించుకుని వంగాడు. పిల్ల ఇంకా బొమ్మలోకి రాలేదు. కోటమ్మ తల తిప్పి కెమెరా పక్కనున్న ఎవరి మాటో వింటోంది. తల ఊపింది. తరవాత ఎడమవైపు తిరిగి ఏదో అంది. చెయ్యి ముందుకు చాపి తన వైపు లాక్కున్నట్టు ఊపింది. ఎవరూ రాలేదు కాబోలు, మళ్ళీ ఊపింది, ఈసారి నవ్వుతూ. అప్పుడు పిల్ల వచ్చింది. ఆమెను చూపడానికి కెమెరా ఎడమకు జరిగింది. అక్కడ, దూరంగా, నీడ లేని చోట, ఖాళీ కడవల పక్కన ఆడవాళ్ళు కూర్చుని ఉన్నారు. వాళ్ళలో ఒకామె గబుక్కున లేచి నిలబడింది. చెయ్యెత్తింది. నోరు తెరిచి అరుస్తోంది. పిల్ల వెనక్కి చూడలేదు. కెమెరా మళ్ళీ బావి మీదికి పోయింది.

"ఆమె పిలిచింది నాన్నా. నాయనమ్మ తనంతట తను ఎక్కలేదు."

సొలొమోను తెర మూల మీద వేలు పెట్టాడు. "లేచినామె మా అమ్మమ్మ" అన్నాడు. జయంత్ వైపు తిరిగాడు. "మామూలు రోజంటే ఇదుగో, ఈ మూల ఉన్నది బాబూ. ఈ కడవలు."

జయంత్ పోస్టరు మడతపెట్టి సంచిలో పెట్టుకున్నాడు.

*

వేమవర్రు వెళ్దామన్నది సొలొమోనే. జయంత్ కారు తెచ్చాడు. స్టెల్లా కూడా బయలుదేరింది.

ఆ దారిలో సొలొమోను ఏళ్ళ తరబడి బందరు బస్సు నడిపాడు. కంకిపాడు, ఉయ్యూరు, పామర్రు దాటాక వేమవర్రు స్టేజీలో ఎంతోమందిని ఎక్కించుకున్నాడు, దించాడు. తను ఏనాడూ దిగలేదు. ఒకసారి తల్లిని బందరు పెద్దాసుపత్రికి అదే బస్సులో తీసుకెళ్ళాడు. ఆ స్టేజీ వచ్చినప్పుడు అద్దంలో చూశాడు. ఆమె ముఖం కాలువ వైపు తిప్పుకుని కూర్చుంది. ఊళ్ళోకి ఒకసారి వెళ్దామా అని తిరుగు ప్రయాణంలో అడిగితే, "ఎవరున్నారు మనకక్కడ?" అంది. అతను మళ్ళీ అడగలేదు.

వీరభద్రయ్య గుంట మగ్గంలోంచి లేచి, చేతులు తుడుచుకుంటూ ఎదురొచ్చాడు. డెబ్బై దాటిన మనిషి, సన్నగా ఉన్నాడు. "రండి రండి. మీ అమ్మగారూ మా నాయనమ్మా ఒకే బొమ్మలో ఉన్నారంటే మనం చుట్టాలకిందే లెక్కండీ" అన్నాడు. కోడలు రేణుక కుర్చీలు వేసింది. గోడకు కొత్త ఫ్రేములో కోటమ్మ బొమ్మ వేలాడుతోంది. జయంత్ పంపిన ఫిల్ములోంచి తీసి పెద్దది చేయించారు. దానికి బంతిపూల దండ వేశారు.

"మా నాయనమ్మ ఆ రోజుల్లోనే అట్లా ఉండేదండి. తేడాలు చూసేది కాదు. ఈ వీడియో మా వీధంతా ఫోన్లలో తిరుగుతా ఉంది" అన్నాడు వీరభద్రయ్య.

సొలొమోను దారంతా అనుకుంటూ వచ్చిన మాటలు ఆ దండ చూశాక నోటికి రాలేదు. మంచినీళ్ళు తాగి, గ్లాసు కింద పెట్టి, చివరికి అన్నాడు: "ఆమె మా అమ్మని పిలిచారండి."

"అవునండి! అదేగా గొప్పతనం."

"ఆ సంగతి తరవాత ఎవరికైనా చెప్పారాండి? చావడి దగ్గర?"

"ఏ చావడండీ?"

సొలొమోను నెమ్మదిగా చెప్పాడు. వింటున్నకొద్దీ వీరభద్రయ్య ముఖంలో నవ్వు పోయింది. రేణుక వంటింటి గుమ్మంలో నిలబడిపోయింది.

"ఇవన్నీ మీకెవరు చెప్పారండి?"

"మా మావయ్య పాల్. అప్పటికి పద్నాలుగేళ్ళవాడు. వాళ్ళ నాన్నని కొడుతుంటే పక్కనే ఉన్నాడు."

"ఎప్పటి సంగతండీ ఇది! అప్పుడు నేను లేను, మీరు లేరు. ఇప్పుడొచ్చి మమ్మల్నేం చెయ్యమంటారు?"

"ఏం చెయ్యొద్దండి. పిలిచినట్టు ఆమె ఇంట్లో ఎప్పుడైనా అన్నారేమో అడుగుదామని వచ్చాను. మా అమ్మ తనే ఎక్కిందని మావాళ్ళంతా అనుకున్నారు. అది కాదని తెలిస్తే చాలు."

"లేదండి. ఎప్పుడూ అనలేదు."

"అంది."

మాట లోపలి గదిలోంచి వచ్చింది. అందరూ అటు తిరిగారు. గుమ్మం అవతల మంచం మీద ఒక వృద్ధురాలు మోచేతి మీద లేచి కూర్చోబోతోంది. వీరభద్రయ్య మేనత్త వెంకటరావమ్మ, కోటమ్మ కూతురు. తొంభైకి దగ్గరపడిన మనిషి. భర్త పోయినప్పటి నుంచీ పుట్టింట్లోనే ఉంటోంది.

"అత్తా, నువ్వు పడుకో."

"పడుకునే ఉన్నాగా ఇన్నాళ్ళూ" అంది ఆమె. "ఆ బాబుని ఇట్లా రమ్మను."

సొలొమోను వెళ్ళి మంచం పక్కన కుర్చీలో కూర్చున్నాడు. స్టెల్లా ఆమె వీపు వెనక దిండు సర్దింది.

"దొర పక్కన గుమస్తా ఒకడున్నాడంట నాయనా" అంది వెంకటరావమ్మ. "చిన్నపిల్ల నీళ్ళు తాగుతుంటే బొమ్మ బాగుంటది, ఆ పిల్లని రమ్మను అన్నాడంట వాడు. మా అమ్మ పిలిచింది. అది తప్పని ఆమెకి ఆ చణంలో తట్టలేదంట. అంతా నవ్వుతున్నారు గదా, దొర కూడా ఉన్నాడు. సాయంత్రానికి చావడి దగ్గరికి రమ్మన్నారు. గుమస్తా దొరతో ఎళ్ళిపోయాడు. మా తాత, అంటే అమ్మ మామగారు, పక్కనే నిలబడి మా అమ్మ ముఖంలోకి చూస్తున్నాడు. 'పిల్లని ఎవరన్నా పిలిచారా?' అని మునసబు అడిగితే, 'నేను పిలవలేదు, అదే ఎక్కింది' అంది."

ఆమె ఊపిరి తీసుకోవడానికి ఆగింది.

"ఆ పిల్ల అక్కడే ఉందంట. మా అమ్మ వైపు చూసిందంట. అప్పుడు మునసబు ఆ పిల్లనడిగాడు. 'అవునండి, నేనే ఎక్కా' అంది."

"ఎందుకు అలా అంది?" అడిగింది స్టెల్లా.

"మా అమ్మకీ తెలీలేదమ్మా. పోయేదాకా అదే అనేది. ఆ పిల్ల ఏడ్చి, 'ఈమే పిలిచింది' అని ఉంటే నాకింత బాధ ఉండేది కాదే అనేది. ఆ తరవాత ఎప్పుడూ ఆ బావికి వెళ్ళలేదు మా అమ్మ. మా చిన్నమ్మ తెచ్చిపోసేది. ఒంట్లో బాగోక అనుకునేవాళ్ళు అందరూ."

వీరభద్రయ్య గుమ్మానికి చేరగిలబడి నేల వైపు చూస్తున్నాడు.

సొలొమోనుకు కోపం రావలసిన చోట రాలేదు. కళ్ళ ముందు ఒకటే కనిపిస్తోంది: ఒక పదేళ్ళ పిల్ల, కట్టేసిన తండ్రి, ఎదురుగా భయంతో వణుకుతున్న ఒక ఆడమనిషి. ఆ పిల్ల ఏమనుకుంది? జాలిపడిందా? నిజం చెప్పినా ఎవరూ నమ్మరని అప్పటికే తెలుసా? డెబ్బై ఏళ్ళకు పైగా అన్న తిట్టినా, అయినవాళ్ళు అన్నా, అదే మాట మీద నిలబడింది. కన్నకొడుకుతో కూడా చెప్పలేదు.

"మీరు ఆ బొమ్మ చూశారా అమ్మా?" అని అడిగాడు.

చూడలేదు. ఇంటిల్లిపాదీ చూశారు, వీధంతా చూసింది, ఆమె కళ్ళకు ఆనదులే అని ఎవరూ చూపించలేదు. జయంత్ ల్యాప్‌టాప్ తెచ్చి ఒళ్ళో పెట్టాడు. స్టెల్లా పక్కన కూర్చుని పట్టుకుంది. వెంకటరావమ్మ ముఖం తెరకు ఆనేంత దగ్గరగా వంగింది. కోటమ్మ తల ఊపింది, చెయ్యి చాపింది, నవ్వుతూ మళ్ళీ చాపింది.

"ఇంత చిన్నదా మా అమ్మ!" అంది వెంకటరావమ్మ. "మా రేణుక కంటే చిన్నదే."

వెళ్ళేటప్పుడు వీరభద్రయ్య కారు దాకా వచ్చాడు. తలుపు పట్టుకుని, గొంతు తగ్గించి అన్నాడు: "సొలొమోను గారూ, ఇదంతా ఎగ్జిబిషన్లో రాయించకండి. ఈ ఊళ్ళో ఉండాల్సినవాళ్ళం."

"రాయించేది నేను కాదండి. కానీ మా అమ్మని పిలిస్తేనే వెళ్ళిందని మావాళ్ళందరికీ చెప్తాను. అది మాత్రం ఆపుకోలేను."

వీరభద్రయ్య తలుపు మీద చెయ్యి తీశాడు.

*

జయంత్ తన వంతు ప్రయత్నం చేశాడు. పోస్టరు తీసేయించి, ఫిల్ము కింద మూడే వాక్యాలు రాశాడు: 'ఈ బావి నుంచి పల్లెవాసులు నీరు తోడుకోవడం నిషిద్ధం. కెమెరా కోసం ఈ పిల్లను పిలిచారు. తరవాత ఆమె కుటుంబం ఊరు విడిచి వెళ్ళవలసి వచ్చింది.' సంజీవరావు చదివి, జయంత్‌ను పిలిచి మర్యాదగానే మాట్లాడాడు. "నిజం కాదని నేననడం లేదు. మన ఎగ్జిబిషన్‌కి స్కూలు పిల్లలొస్తారు, మినిస్టరు గారు వస్తున్నారు. గొడవలు మనకెందుకు? బావి ముక్క తీసెయ్యండి, మిగతాది వేద్దాం."

ఎగ్జిబిషన్ మొదలయ్యాక సొలొమోను స్టెల్లాతో వెళ్ళి చూశాడు. చీకటి గదిలో గోడంత తెర మీద పడవ కదిలింది. నూలు బారులు కనిపించాయి. ముసలామె పైట చాటునుంచి తొంగి చూస్తే జనం నవ్వారు. అంతటితో బొమ్మ ఆగి, మళ్ళీ పడవ దగ్గర మొదలైంది. సొలొమోను మూడుసార్లు చూసి బయటికి వచ్చాడు.

"పోన్లే నాన్నా. అబద్ధం రాయలేదుగా" అంది స్టెల్లా.

"రాయలేదు" అన్నాడు సొలొమోను. "అమ్మని తీసేశారు."

గేటు దగ్గర జయంత్ ఎదురుపడ్డాడు. ముఖం చూపించలేక కింది చూపులు చూశాడు. జేబులోంచి పెన్‌డ్రైవ్ తీసి స్టెల్లా చేతిలో పెట్టాడు. "మొత్తం ఉందండి ఇందులో. మీకెక్కడ చూపించుకోవాలనిపిస్తే అక్కడ చూపించుకోండి. ప్రొజెక్టరు కావాలంటే నేను పట్టుకొస్తాను."

తరవాతి వారం వీరభద్రయ్య దగ్గరనుంచి ఫోను వచ్చింది.

"మా అత్త నన్ను కూర్చోనివ్వట్లేదండి. 'ఆ బాబు ఫోన్ చేశాడా? వాళ్ళవాళ్ళకి చెప్పాడా?' అని రోజూ అడుగుతా ఉంది. గోడ మీద ఫొటో కూడా తీసెయ్యమంది. నేను తియ్యలేదులెండి, దండ మాత్రం తీశాను. ఇంకోటండి, మీవాళ్ళకి ఆ బొమ్మ చూపించేటప్పుడు, మా ఊళ్ళో పల్లె చర్చిలో చూపించండి. నేను అత్తని తీసుకొస్తాను."

"ఊళ్ళో ఉండాల్సినవాళ్ళం అన్నారు కదండీ."

"అందుకేనండి."

*

ఆదివారం ఆరాధన అయ్యాక చర్చి కిటికీలకు దుప్పట్లు కట్టారు. బలిపీఠం పక్కన తెల్లగోడ మీద బొమ్మ పడేలా జయంత్ ప్రొజెక్టరు పెట్టాడు. పల్లెజనం చాపల మీద కూర్చున్నారు. నతానియేలు హనుమాన్ జంక్షన్ నుంచి కొడుకులు, కోడళ్ళతో వచ్చాడు. సొలొమోను ఫోనులో అంతా చెప్పాడు గాని అతను నమ్మలేదు. "చూద్దాంలే బావా" అన్నాడు అంతే. ఎనభైకి చేరువైనవాడు. చేతికర్ర మోకాళ్ళ మధ్య పెట్టుకుని మొదటి బెంచీలో కూర్చున్నాడు.

వీరభద్రయ్య ఆటోలో వెంకటరావమ్మను తీసుకొచ్చాడు. ఆమెను కుర్చీతో సహా ఎత్తి గుమ్మం లోపల కూర్చోబెట్టారు.

పడవ, వీధి, నూలు. పల్లెజనం గట్టిగా మాట్లాడుకుంటూ చూశారు. "అది కొత్తకాలవ మలుపే!" అన్నారెవరో. బావి రాగానే మాటలు తగ్గిపోయాయి. ఆ బావి మీద ఇప్పుడు సిమెంటు పలక ఉంది. దానిలో నీళ్ళు ఉండగా చూసినవాళ్ళు ఆ గదిలో ఇద్దరు ముగ్గురే. కోటమ్మ చెయ్యి చాపింది. నతానియేలు ముందుకు వంగాడు. పిల్ల మెట్టు మీద కాలు పెట్టి ఆగింది. మూలనున్న ఆడమనిషి లేచి, చెయ్యెత్తి అరిచింది.

"మళ్ళీ వెయ్యి బాబూ" అన్నాడు నతానియేలు.

మళ్ళీ వేశాడు.

"ఇంకోసారి."

మూడోసారి అయ్యాక, వెనకనుంచి వెంకటరావమ్మ గొంతు పైకెత్తి అంది: "పిలిచింది మా అమ్మే. పిలవలేదని అబద్ధం చెప్పింది. ఆ పిల్ల తప్పు లేదు." అంతకు మించి ఆమె మాట్లాడలేదు. గదిలో అందరికీ వినబడింది.

నతానియేలు చేతికర్ర కిందపడింది. తీసుకోలేదు. "మా నాన్న ఆమె పెళ్ళినాడు కూడా అన్నాడు బావా ఆ మాట" అన్నాడు. "నేనూ అన్నాను. నవ్వులాటకి అనుకుంటూ అన్నాను. ఆమె ముందే అన్నాను. దానికి నేనిప్పుడేం చెయ్యను?"

"ఏం చెయ్యకు. కూర్చో" అన్నాడు సొలొమోను. కర్ర తీసి అతని చేతికి ఇచ్చి, పక్కనే కూర్చుని, భుజం మీద చెయ్యి వేశాడు.

చర్చి ఆవరణలో భోజనాలు పెట్టారు. వీరభద్రయ్య వరుసలో కూర్చుని తిన్నాడు. అటూ ఇటూ చూడకుండా, కొంచెం తొందరగా తిన్నాడు, కానీ తిన్నాడు. వెంకటరావమ్మకు ఒకావిడ పళ్ళెం తీసుకెళితే, "నాకివాళ ఉపవాసమమ్మా" అంది. స్టెల్లా అక్కడే ఉంది. పొద్దున ఇంట్లో ఇడ్లీ తిని వచ్చామని ఆటో దిగుతూ వీరభద్రయ్య చెప్పడం ఆమె విన్నది. ముసలామె స్టెల్లా ముఖం చూసి, ఆ సంగతి ఈమెకు తెలుసని గ్రహించి, కళ్ళు దించుకుంది. స్టెల్లా పళ్ళెం తీసుకెళ్ళమని సైగ చేసి, ఎండ ముఖాన పడకుండా కుర్చీని నీడలోకి జరిపింది.

సాయంత్రం నతానియేలు కొడుకులు బస్సులో వెళ్ళారు. అతన్ని మాత్రం సొలొమోను జయంత్ కారులో ఎక్కించుకున్నాడు. గుడివాడ దాటి హనుమాన్ జంక్షన్ దగ్గరపడుతుండగా, "సమాధుల దగ్గరికి పోనిమ్మను బావా" అన్నాడు నతానియేలు.

క్రైస్తవ శ్మశానం హైవే వెనక ఉంది. లారీల చప్పుడు వినిపిస్తూనే ఉంటుంది. దానమ్మా, ఆమె అన్న పాలూ పక్కపక్కనే ఉన్నారు. గడ్డి మోకాళ్ళ దాకా పెరిగింది. నతానియేలు కర్ర పొడుచుకుంటూ వెళ్ళి తండ్రి సమాధి ముందు నిలబడ్డాడు. లారీల హోరులో తండ్రికి వినబడదేమో అన్నట్టు గట్టిగా అన్నాడు:

"నాన్నా, అత్త తనంతట తను ఎక్కలేదంట. వాళ్ళే పిలిచారంట. నేను చూశాను నాన్నా."

సొలొమోను తల్లి సమాధి దగ్గర వంగి గడ్డి పీకుతున్నాడు. 'నేనే ఎక్కా' అని ఎందుకన్నావని ఆమెను అడగాలని ఉంది. అడిగినా జవాబు రాదు. నతానియేలు తండ్రికి చెప్పిందే మళ్ళీ చెబుతున్నాడు. చెప్పి చెప్పి అతని గొంతు పోయింది. స్టెల్లా వచ్చి తండ్రి పక్కన కూర్చుని తనూ గడ్డి పీకడం మొదలుపెట్టింది. రాతి మీద పేరు పూర్తిగా కనబడేదాకా పీకి, ఇద్దరూ లేచారు. నతానియేలుతో కలిసి ముగ్గురూ కారు దగ్గరికి నడిచారు.